పిన్నీసు పెట్టిన తెల్ల గౌను

"మూసెయ్! ఆ పెట్టె ఇప్పుడే మూసెయ్! నా వంటింట్లో, నా బల్ల మీద, నా కళ్ల ముందు... మూసెయ్యమంటుంటే నీక్కాదూ!"

వెర్నెల్ ఒళ్లో ఉన్న చిక్కుడు గింజల గిన్నె నేల మీద పడి గిర్రున తిరిగింది. గింజలు పొయ్యి కిందికీ బీరువా కిందికీ దొర్లిపోయాయి. అరవై నాలుగేళ్ల వయసులో, మోకాళ్ల నొప్పులతో గోడ పట్టుకుని నడిచే మనిషి, ఒక్క ఉదుటున లేచి కూతురి కెమెరా సంచీ భుజానికెత్తుకుని, ముందు వసారాలోకి నడిచి, కుర్చీ మీద ధబీమని పడేసింది. తిరిగొచ్చి దీపాల స్టాండు ఎత్తుకుపోయింది. మూడోసారి వచ్చేసరికి ఆయాసంతో ఆమె గుండెలు ఎగిసిపడుతున్నాయి!

కూతురు రెనీటా లాప్‌టాప్ మూయలేదు. ముప్ఫయ్యారేళ్ల పిల్ల, అట్లాంటాలో ఉంటూ డాక్యుమెంటరీలు తీస్తుంది. ఈ కాటన్‌ఫోర్డ్ ఊరి ఈతకొలను కథ మీద అయిదేళ్లుగా పని చేస్తోంది. నల్లవాళ్ల పిల్లలను కూడా దిగనివ్వాలని కోర్టు చెప్పగానే, మూడే మూడు రోజుల్లో లారీలతో ఎర్రమట్టి తెచ్చి పూడ్చేసిన కొలను అది. తాము తినరు, ఇంకొకరిని తిననివ్వరు అన్న సామెతకు ఈ ఊరి పెద్దలను మించిన ఉదాహరణ ఎక్కడా దొరకదు. ఇప్పుడక్కడ పచ్చగడ్డి, రెండు బెంచీలు, ఊరి పేరు రాసిన రాయి. రేపు నెల మొదటి ఆదివారం. ఆరాధన అయ్యాక చర్చి హాల్లో ఆ సినిమా మొదటిసారి వేస్తారు. ఊరంతా దానికోసమే ఎదురుచూస్తోంది.

"అమ్మా... అది నువ్వే కదా?" రెనీటా తెర వైపు చూపించింది. "ఒక్కమాట చెప్పు. ఆ పిల్ల నువ్వే కదా?"

తెర మీద బొమ్మ ఆగిపోయి ఉంది. ఎప్పుడో ఒక తెల్లాయన తన పిల్లల కోసం సరదాగా తీసుకున్న రంగుల ఫిల్మ్ అది. శబ్దం లేదు. నీలంగా నీళ్లు. కేరింతలు కొడుతూ దూకుతున్న తెల్లపిల్లలు. ఒడ్డున మడత కుర్చీలో, ఒళ్లో తువాళ్ల దొంతర పెట్టుకుని, బొమ్మలా కూర్చున్న పదమూడేళ్ల నల్లపిల్ల! పనిమనుషులు వేసుకునే తెల్ల గౌను వేసుకుంది. గౌను చేతులు మోచేతుల దాకా జారిపోతున్నాయి. నడుం దగ్గర గుడ్డ పోగుచేసి వెనక పెద్ద పిన్నీసు గుచ్చారు. ఫిల్మ్ ఆపకముందు, ఒక బుడతడి తల తుడవడానికి ఆమె వంగినప్పుడు ఆ పిన్నీసు ఎండకు తళుక్కున మెరిసింది.

"ఎవరిచ్చారే నీకిది?"

"కేరోలిన్ గారు. ప్రూయిట్ల అమ్మాయి. ఆవిడకిప్పుడు అరవయ్యేళ్లు. వాళ్ల నాన్న పాత పెట్టెలో దొరికిందట. కెమెరా ముందు కూర్చుని ఎంత ప్రేమగా చెప్పిందో... వెర్నెల్ అంటే మాకు ప్రాణం, మా ఇంట్లో మనిషిలాగే ఉండేది అని."

"ఓహో! ఇంట్లో మనిషా!" వెర్నెల్ నవ్విన నవ్వు వింటే ఎవరికైనా ఒళ్లు జలదరిస్తుంది. "నా పేరు గుర్తుందన్నమాట మహాతల్లికి! మా తమ్ముడి పేరు అడిగావా? అది గుర్తుందా ఆవిడకి? అసలు నాకో తమ్ముడున్నాడని తెలుసా?"

రెనీటా మెల్లగా ఫిల్మ్ డబ్బా మూత ఫొటో తెర మీదికి తెచ్చింది. దాని మీద నీలం సిరాతో ఎవరో పొందికగా రాసి ఉంది. కేరోలిన్ పుట్టినరోజు, జూన్ ఇరవై రెండు, పంతొమ్మిది వందల అరవై మూడు.

"అమ్మా! లెమ్ మామయ్య సమాధి మీద రాయి నేను ఎన్నిసార్లు తుడవలేదు! ప్రతి మే నెలలో చర్చివాళ్లంతా గడ్డి పీకడానికి వెళ్లినప్పుడు ఆ రాయి నాకే అప్పజెప్పేదానివి. ఆ రాయి మీదున్న తేదీ కూడా ఇదే! ఆ రోజు నువ్వు తమ్ముణ్ణి ఒంటరిగా వదిలేసి ఎవరితోనో ఆడుకోవడానికి పోయావనీ, వాడు టర్కీ వాగులో పడి చచ్చిపోయాడనీ కదా అమ్మమ్మ చెబుతుంది? నా చిన్నప్పట్నించీ అదే కదా విన్నాను? మరి ఆ రోజు నువ్వు ఈ కొలను దగ్గరుంటే..."

"నోర్ముయ్!" వెర్నెల్ గబుక్కున వచ్చి కూతురి నోటికి చెయ్యి అడ్డం పెట్టింది. "నెమ్మదిగా మాట్లాడు... పక్కగదిలో మీ అమ్మమ్మ ఉంది!"

పక్కగదిలో అమ్మమ్మ ఉంది! అవును, వెర్నెల్ బతుకంతా ఈ ఒక్క మాటలోనే ఉంది. పక్కగదిలో అమ్మ ఉంది కాబట్టి గట్టిగా ఏడవకూడదు. పక్కగదిలో అమ్మ ఉంది కాబట్టి నిజం చెప్పకూడదు. ఎనభై ఎనిమిదేళ్ల ఒడెల్లా అంటే మామూలు మనిషా! గిలియడ్ చర్చివాళ్లు 'చర్చి తల్లి' అన్న హోదా ఇచ్చి ముందు వరసలో కూర్చోబెట్టిన మనిషి. నెల మొదటి ఆదివారం ఆడవాళ్లంతా తెల్లబట్టల్లో వస్తే, ఆ తెలుపులన్నిటిలోకీ తెల్లగా, తల మీద తెల్లటోపీతో, చేతికి తెల్ల తొడుగులతో వచ్చి కూర్చునేది ఒడెల్లా. పెళ్లికూతుళ్లు ఆవిడ దీవెన కోసం వరసలో నిలబడతారు.

మరి ఆవిడ కూతురో? వెర్నెల్ ఏనాడూ తెల్లబట్ట కట్టదు. మొదటి ఆదివారం నాడు కూడా ముదురు నీలమో ఎరుపో వేసుకుని చిట్టచివరి బెంచీలో దారి వైపు అంచున కూర్చుంటుంది. బాప్తిస్మం తీసుకోలేదు! ఆ రోజుల్లో గిలియడ్ చర్చి బాప్తిస్మాలన్నీ టర్కీ వాగులోనే ఇచ్చేవారు. తమ్ముణ్ణి మింగిన నీళ్లలో మునగనంది. తర్వాత చర్చి లోపలే తొట్టి కట్టినా మునగనంది. బాప్తిస్మం లేనివాళ్లకు ప్రభుభోజనం పెట్టరు, అందుకే ఆ రొట్టె పళ్లెం వరస వెంట వచ్చి వచ్చి, ఆమె దగ్గరికి రాగానే ఆమె ఒడి మీదుగా దాటి పక్కవాళ్ల చేతికి పోతుంది. ఊళ్లో నోళ్లకు మూతలుంటాయా? దానికి పొగరనేవాళ్లు కొందరు. "తమ్ముణ్ణి పొట్టన పెట్టుకుంది కదమ్మా, ఏ మొహం పెట్టుకుని తెల్లబట్ట కడుతుంది!" అనేవాళ్లు ఇంకొందరు. ముప్ఫై ఏళ్లు బడి వంటింట్లో ఆ అనేవాళ్ల పిల్లలకే అన్నం వండి పెట్టింది వెర్నెల్. ఒక్కనాడు ఒక్కరికీ బదులు చెప్పలేదు.

"అమ్మా," రెనీటా తల్లి చెయ్యి తీసి తన చేతుల్లో పెట్టుకుంది. "చెప్పమ్మా. నాకొక్కదానికే చెప్పు."

వెర్నెల్ కుర్చీలో కూలబడింది. చాలాసేపు తెర మీది పిల్లనే చూసింది. ఎంత సన్నగా ఉంది! ఆ పిల్లను చూస్తే ఎవరో పరాయి పిల్లను చూసినట్టు జాలేసింది... తర్వాత కడుపు మండింది.

"మీ అమ్మమ్మకి ఆ రోజు పొద్దున్నే నూట మూడు జ్వరం," అంది పళ్ల బిగువున. "ప్రూయిట్ల పిల్ల పుట్టినరోజు. ఆ పూటకి కొలను మొత్తం వాళ్లే తీసుకున్నారు. రాకపోతే ఇంక రానక్కర్లేదని దొరసాని ముందే చెప్పింది. అప్పుడు మా నాన్నకి రంపం మిల్లులో పని పోయి రెండు నెలలు. ఇంకేం చేస్తుంది? తన గౌను నాకు తొడిగింది. మనలో ఎవరన్నా ఆ కంచె దాటి లోపలికి పోవాలంటే ఆ తెల్ల గౌను ఉండాలి. అది ఉంటే ఒడ్డున కూర్చోనిస్తారు. నీళ్లలో వేలు పెట్టావంటే మాత్రం నీళ్లు మొత్తం తోడించి మళ్లీ నింపుతారు! 'కదలకు, గుచ్చుకుంటుంది' అంటూ పిన్నీసు పెట్టింది. లెమ్‌ని నేను చూసుకుంటాలే, నువ్వెళ్లు అంది."

"అమ్మమ్మే అందా... ఆ మాట?"

"ఆవిడ కళ్లు మూతలు పడ్డాయి. ఏడేళ్ల వెధవ, ఎండకి తాళలేక పక్కింటి పిల్లలతో వాగుకి పోయాడు. మిగతావాళ్లకి ఈత వచ్చు. వాడికి రాదు. ఎక్కడ నేర్చుకుంటాడు? వాడికి నేర్పేందుకు ఒక కొలనుందా, ఒక లోతు తక్కువ మెట్టుందా!" వెర్నెల్ గొంతు ఒక్కసారిగా పెరిగింది. పక్కగది గుర్తొచ్చి మళ్లీ తగ్గింది. "ఆ ఫిల్మ్ ఇంకొంచెం ముందుకు పోనియ్. పోనియ్యవే!"

రెనీటా వేలు తగలగానే బొమ్మ కదిలింది. తెల్ల గౌను పిల్ల రెండు చేతుల్లో కేకు పళ్లాలు పట్టుకుని నడుస్తోంది. ఆమె వెనక తీగల కంచె. ఆ కంచె అవతల టోపీ తీసి గుండెలకు అదుముకుని నిలబడ్డ ఒక నల్లాయన! రెనీటా ఆ ముక్కను వందసార్లు చూసి ఉంటుంది. ఆ మనిషిని దారిన పోయేవాడనుకుంది.

"అదే మీ తాతయ్య. నువ్వెప్పుడూ చూళ్లేదుగా... చూసుకో. తమ్ముడు పోయాడని చెప్పడానికొచ్చాడు. దొరసాని కంచె దగ్గరికి పోయి విన్నది. వెనక్కొచ్చి, 'పాపం పిల్లలు ఎదురుచూస్తున్నారు, ఆ పళ్లాలు పంచేసి వెళ్లమ్మా' అంది నాతో. కంచె అవతల నాన్న మొహం చూస్తే నాకు తెలిసిపోయింది. అయినా పంచాను. ఆరుగురు పిల్లలు. ఆరు పళ్లాలూ పంచానే, రెనీటా!"

రెనీటా తల్లిని కావలించుకుని భోరుమంది. వెర్నెల్ ఏడవలేదు. ఆమెకు ఏడుపు రాదు, కోపం వస్తుంది. యాభై ఒక్క ఏళ్లుగా వస్తూనే ఉంది.

"శవపేటిక దగ్గర మీ అమ్మమ్మ గుండెలు బాదుకుని అరిచింది. 'నీకు అప్పజెప్పి పడుకున్నానే, ఎక్కడికి పోయావే ఆడుకోవడానికి!' అని. చర్చి మొత్తం విన్నది. నేను నాన్న మొహంలోకి చూశాను. ఆయన తల దించుకున్నాడు. ఇంటికొచ్చాక, 'మీ అమ్మకి మతి చలించేట్టుంది, కొన్నాళ్లు ఊరుకో తల్లీ' అన్నాడు. కొన్నాళ్లన్నాడు... తర్వాత ఆయనే పోయాడు."

రెనీటా చివాలున లేచింది. కళ్లు తుడుచుకుంది. ఆ కళ్లలో ఇప్పుడు నిప్పులు! "రేపు ఇది వేస్తానమ్మా. తప్పకుండా వేస్తాను! ఊరూరూ తిరిగి ఎవరెవరి అబద్ధాలో తవ్వి తీశాను. మా ఇంట్లోనే ఇంత అబద్ధం పెట్టుకుని..."

"వెయ్యవు."

"ఎందుకు వెయ్యను? నిన్ను యాభై ఏళ్లు చివరి బెంచీలో కూర్చోబెట్టి తను ముందు వరసలో తెల్లటోపీ పెట్టుకుని కూర్చుంటుందా!"

"ఆవిడ నాకు అమ్మే! ఎనభై ఎనిమిదేళ్ల ముసలిదాన్ని వందమంది ముందు నిలబెట్టి పరువు తీస్తావా? నీకు సినిమా కావాలి. నేను పొద్దున లేచి ఆవిడ మొహం చూడాలి, ఆవిడకి స్నానం చేయించాలి! ఆ కెమెరా ఎత్తుకుని అట్లాంటా పోతావు నువ్వు. ఈ ఇంట్లో ఉండేది మేమిద్దరం!"

"ఇంతకాలం మోసింది చాల్లేదా అమ్మా నీకు?"

"చాల్లేదు! నా మోత నా ఇష్టం!"

అప్పుడు పక్కగదిలోంచి చేతికర్ర నేల మీద ఠపఠపా కొట్టిన చప్పుడు వినిపించింది.

"ఏంటే ఆ రంకెలు? చెవులు మందగించాయి కానీ పూర్తిగా పోలేదు నాకు. అదేదో ఇటు తీసుకురండి. నేనూ చూస్తాను."

తల్లీ కూతుళ్లు ఒకరి మొహాలొకరు చూసుకున్నారు. వెర్నెల్ వద్దని తల అడ్డంగా ఊపింది. రెనీటా క్షణం ఆగి, లాప్‌టాప్ ఎత్తుకుని అమ్మమ్మ గదిలోకి నడిచింది! వెనకే వెర్నెల్ పరుగెత్తింది. రేపటి కోసం ఇస్త్రీ చేసిన తెల్ల గౌను తలుపుకు తగిలించి ఉంది. తెల్లటోపీ పెట్టెలో తయారుగా ఉంది. కిటికీ పక్క కుర్చీలో ఒడెల్లా, కళ్లద్దాలు సర్దుకుంటూ, మహారాణిలా కూర్చుని ఉంది.

బొమ్మ కదిలింది. ముసలావిడ మొదట ఆసక్తిగా చూసింది. "అబ్బ, ఆ కొలను! ఎంత నీలమో..." అంది. తెర మీద పిల్ల వంగింది. వెనక పిన్నీసు తళుక్కుమంది. ఒడెల్లా వేలు మెల్లగా లేచి, ఆ పిన్నీసు మెరిసిన చోట తెర మీద ఆనింది. కంచె అవతల భర్త నిలబడ్డ చోటికొచ్చేసరికి ఆ వేలు వెనక్కి తగ్గింది.

"ఆపు," అంది. "ఆరిన పొయ్యి కెలికితే ఏమొస్తుంది? బూడిద! తీసుకుపో దీన్ని. వెర్నెల్, నా గౌను కాలరు దగ్గర ముడతలున్నాయి, మళ్లీ ఇస్త్రీ పెట్టు."

అంతే! ముడతలట! వెర్నెల్ అరికాలి మంట నెత్తికెక్కింది. ఇంతవరకు తల్లిని కాపాడుతూ కూతురి మీద అరిచిన నోరే ఇప్పుడు తల్లి మీదికి తిరిగింది. ఒక్కోసారి మనిషి ఓర్పు కొండంత అవమానానికి తెగదు, ఇలాంటి చిన్న మాటకే తెగుతుంది.

"ముడతలా అమ్మా? ముడతలా! యాభై ఒక్క ఏళ్లుగా నీ తెల్ల గౌన్లు ఇస్త్రీ పెడుతూనే ఉన్నాను, ఇంకా ముడతలే కనిపిస్తున్నాయా నీకు? ఎవరమ్మా ఆ పిల్ల? చెప్పు! నీ మనవరాలి ముందు చెప్పు! ఆడుకోవడానికి పోయిందా అది? వాళ్ల ఆరుగురు పిల్లల్లో ఒక్కడి తలా మునగకుండా కాపలా కాశానమ్మా నేను! ఈల మెళ్లో వేసుకున్న కాపలావాడు ఒకవైపు, నేను ఒకవైపు! నడుంలోతు నీళ్లకి ఇద్దరం! అక్కడికి మైలు దూరంలో మన వాడికి ఎవరూ లేరు. ఒక్కళ్లు లేరు! ఈ ఊరి మీద నా కడుపు ఎంత మండుతుందో నీకు తెలియదు. కానీ ఊరు ఎటూ మనది కాదు. నువ్వు నాదానివి! నువ్వు చేసిందే నాకు ఆరదు!"

"వెర్నెల్..."

"ఉండు, నన్ను చెప్పనీ! ఇది పుట్టినప్పుడు," రెనీటా వైపు చెయ్యి చూపించింది, "ఆస్పత్రిలో దీన్ని ఎత్తుకుని ఏమన్నావు? 'దీన్నైనా కళ్లల్లో పెట్టుకుని చూసుకో' అన్నావు! నర్సు ముందు! నా మొగుడి ముందు! ఆ మాటకి భయపడి దీన్ని నీళ్ల దగ్గరికే పోనివ్వలేదు నేను. ముప్ఫయ్యారేళ్లొచ్చాయి, ఈతకొలను మీద సినిమా తీసింది, దీనికి ఈత రాదు! జ్వరం నీ తప్పు కాదమ్మా. నిద్ర నీ తప్పు కాదు. వాడు పోవడం కూడా నీ తప్పు కాదు. ఎవరన్నా నిన్ను అంటే నేను వాళ్ల నాలుక కోసేదాన్ని! కానీ నా మీద పెట్టావే... పదమూడేళ్ల దాని మీద పెట్టావే... అది నీ తప్పు!"

ఒడెల్లా తన ముడతల చేతుల్ని చూసుకుంటూ కూర్చుంది. ఎవరితోనో అన్నట్టు అంది.

"బిడ్డను వదిలి తెల్లవాళ్ల బిడ్డల కోసం కూతుర్ని పంపిందంటారని భయమేసింది. ఎవరి మీదా వెయ్యకపోతే నేనా పూట బతికేదాన్ని కాదు. నువ్వు చిన్నదానివి... చిన్నపిల్లలు మర్చిపోతారులే అనుకున్నాను. నువ్వు మర్చిపోలేదని తెలిసేసరికి నన్ను చర్చికి తల్లిని చేసేశారు."

"ఆ టోపీ అంత బరువైందా అమ్మా, తియ్యలేనంత?" అంది వెర్నెల్. తలుపు దభాలున వేసి వంటింట్లోకి పోయి, మోకాళ్ల మీద కూర్చుని, పొయ్యి కింద పడ్డ చిక్కుడు గింజలు ఒక్కొక్కటే ఏరుకుంది.

కాసేపటికి రెనీటా వచ్చి పక్కన కూర్చుని తనూ ఏరింది. తర్వాత జేబులోంచి చిన్న పెన్‌డ్రైవ్ తీసి తల్లి అరచేతిలో పెట్టింది.

"ఈ ముక్క నా సినిమాలోంచి తీసేశానమ్మా. ఇది ఊరి చరిత్ర కాదు, నీది. నిన్ను అడక్కుండా వేస్తే ఆ కేరోలిన్‌కీ నాకూ తేడా ఏముంది? వేస్తావో, వాగులో పారేస్తావో... నీ ఇష్టం." కిటికీలోంచి వసారా వైపు చూసింది. "నా కెమెరాలు లోపలికి తెచ్చుకోవచ్చా? వానొచ్చేట్టుంది."

"తెచ్చుకో," అంది వెర్నెల్. "సంచీ విసిరేశాను, ఏమన్నా పగిలిందేమో చూసుకో ముందు."

పెన్‌డ్రైవ్ ఏప్రాన్ జేబులో వేసుకుంది. ఆ సాయంత్రం తల్లికి వేయించిన కోడి ముక్క, ఆకుకూర పళ్లెంలో పెట్టి గది ముందు ఉంచింది. పళ్లెం అలాగే తిరిగొచ్చింది.

మరునాడు పొద్దున వెర్నెల్ తన ఎర్ర గౌను వేసుకుని తల్లి గది తలుపు తట్టింది. ఒడెల్లా అప్పటికే లేచి మంచం అంచున కూర్చుని ఉంది. తెల్ల గౌను తలుపుకే వేలాడుతోంది. ఎప్పుడో పాతికేళ్ల కింద కొనుక్కున్న గోధుమరంగు పూల గౌను తొడుక్కుంది. చిక్కిపోయిన ఒంటికి అది జారిపోతోంది. తల మీద టోపీ లేదు. పలచబడ్డ నెరిసిన జుట్టు చెదిరి ఉంది.

"ఇవాళ మొదటి ఆదివారం అమ్మా," అంది వెర్నెల్ పొడిగా.

"తెలుసు. పద, ఆలస్యమవుతుంది."

రెనీటా కారు నడిపింది. చర్చి మెట్ల దగ్గర తెల్లబట్టల ఆడవాళ్లంతా గలగలా మాట్లాడుకుంటున్నవాళ్లు ఒడెల్లాను చూసి నోళ్లు తెరిచారు. "ఒంట్లో బాలేదా మదర్? టోపీ మర్చిపోయారా, మా పిల్లను పంపనా?" అని సిస్టర్ మాటీ హడావిడి పడింది. ఒడెల్లా జవాబు చెప్పకుండా చేతికర్ర పొడుచుకుంటూ లోపలికి నడిచింది. వెర్నెల్ ఎప్పటిలాగే చివరి బెంచీలో తన చోటికి పోయి కూర్చుంది. తల్లి ముందు వరస దాకా వెళ్లడం చూసింది. వెళ్లి తన కుర్చీలో కూర్చుంటుందిలే, ముసలిదాని చాదస్తం గౌను దాకానే అనుకుంది.

సాక్ష్యాలు చెప్పే వేళ వచ్చింది. దేవుడు జ్వరం తగ్గించాడని ఒకామె, కొడుకుని జైలు నుంచి విడిపించాడని ఒకామె చెప్పారు. అప్పుడు ఒడెల్లా లేచింది. పాస్టరు మైకు ఇవ్వబోతే వద్దంది. ఆ గొంతుకు మైకు ఎప్పుడూ అక్కర్లేదు.

"మీరంతా నన్ను తల్లి అంటున్నారు. నా కొడుకు లెమ్యుయెల్ వాగులో పోయిన రోజు వాణ్ణి చూసుకోవాల్సింది నేను. నా వెర్నెల్ కాదు! నేనే నా పనిగౌను తొడిగి దాన్ని ప్రూయిట్ల పిల్లల కోసం ఊరి కొలను దగ్గరికి పంపాను. వాడు నా దగ్గర ఉన్నాడు. నేను నిద్రపోయాను. ఈ చర్చిలో, ఇక్కడే, వాడి పేటిక దగ్గర నిలబడి అబద్ధమాడాను. మీ అమ్మలూ అత్తలూ ఆ అబద్ధం నమ్మి నా బిడ్డను యాభై ఏళ్లు మాటలన్నారు. అంటుంటే నేను విన్నాను. వింటూ కూర్చున్నాను... ఆ కుర్చీలోనే!"

ఒక్కరు "ఆమెన్" అనలేదు. సిస్టర్ మాటీ చేతిలో విసనకర్ర ఆగిపోయింది. పెద్దవాళ్లు కొందరు వెనక్కి తిరిగి చివరి బెంచీ వైపు చూసి, ఆ చూపు నిలపలేక తల దించుకున్నారు. వెర్నెల్ తల దించుకోలేదు. ఒక్కొక్కరి కళ్లలోకీ సూటిగా చూసింది. ఆమె కోపం తగ్గలేదు. తగ్గాలని ఎవరైనా ఆశిస్తే అది వాళ్ల అత్యాశ. కానీ ఇంతకాలం తనలో తానే తిరుగుతూ తననే కాల్చిన కోపం, మొదటిసారి తలుపు తెరుచుకుని బయటికి నడిచినట్టయింది!

ఒడెల్లా తన కుర్చీలో కూర్చోలేదు. మధ్యదారి వెంట వెనక్కి నడవడం మొదలుపెట్టింది. కర్ర, అడుగు... కర్ర, అడుగు... ముప్ఫై బెంచీలు దాటి రావడానికి ఎంతసేపు పట్టిందో! ఎవరో లేచి చెయ్యి అందించబోతే విదిలించింది. వచ్చి చివరి బెంచీ దగ్గర నిలబడింది.

"జరుగు," అంది కూతురితో.

వెర్నెల్ కదల్లేదు. ఒక్క క్షణం... రెండు క్షణాలు... గోడ పక్కన కూర్చున్న రెనీటా ఇటే చూస్తోంది. ఆమె చేతులు ఖాళీగా ఉన్నాయి, ఆ వేళ కెమెరా తియ్యలేదు. ఆఖరికి వెర్నెల్ కాస్త జరిగింది.

"నేనింకా క్షమించలేదు," అంది తల్లి వైపు చూడకుండా, నెమ్మదిగా. "అంత తొందరగా అయ్యే పని కాదది."

"నేనడిగానా?" అంది ఒడెల్లా, కూర్చుంటూ. "నాకు చోటు కావాలన్నాను."

రొట్టె పళ్లెం వరసలు దాటుకుంటూ వచ్చింది. చివరి బెంచీకి వచ్చేసరికి, పళ్లెం పంచే డీకన్ అక్కడ ఒడెల్లాను చూసి ఆగాడు. ఒడెల్లా పళ్లెం అందుకుంది. ఎనభై ఏళ్లుగా ఒక్క నెల తప్పకుండా తీసుకున్న రొట్టెను ముట్టుకోకుండా, కూతురి ఒడి మీదుగా దాటించి, అవతలి మనిషి చేతికి ఇచ్చేసింది. వెర్నెల్ అది చూసింది.

అందరూ పాటకు లేచారు. ఒడెల్లా కర్ర ఊతతో లేచేసరికి ఆ వదులు గౌను భుజం మీంచి జారి, వెనక నడుం దగ్గర గుడ్డ అంతా వేలాడిపోయింది. ముసలి ఒళ్లు బయటపడుతోంది. ముందు బెంచీలోని ఆడపిల్లలు చూసి మొహాలు తిప్పుకున్నారు. వెర్నెల్ పళ్లు కొరుక్కుంది. తన చేతిసంచీ తెరిచి తాళాలూ దగ్గు బిళ్లలూ పెన్‌డ్రైవూ పక్కకు నెట్టి, అడుగున తడిమి, ఒక పెద్ద పిన్నీసు తీసింది. తల్లి వెనక నిలబడి గుడ్డ పోగుచేసి పట్టుకుంది. ఎంత చిన్నదైపోయింది అమ్మ! పదమూడేళ్ల పిల్లంత కూడా లేదు...

ఆ చేతులు తగలగానే ఒడెల్లా భుజాలు కుంగిపోయాయి. అంతవరకు బిగబట్టుకున్న ఏడుపు ఒక్కసారిగా తన్నుకొచ్చి ఒళ్లంతా వణకసాగింది.

"కదలకు," అంది వెర్నెల్. "గుచ్చుకుంటుంది."